పెడమొకం తల్లి

ఆ మ్యూజియం ఏ ఊళ్లో ఉందో చెప్పను. చెబితే అక్కడివాళ్లను ఆడిపోసుకున్నట్టు ఉంటుంది. వాళ్ల తప్పేమీ లేదు, రాళ్లను వాళ్లు బాగానే చూసుకుంటున్నారు. సముద్రం లేని ఊరు అని మాత్రం చెబుతాను. ఎందుకంటే రైలు దిగగానే మా అమ్మ అడిగిన మొదటి మాట అదే.

"సముద్రం ఎటేపే?" అంది.

ఈ ఊరికి సముద్రం లేదమ్మా అన్నాను.

"నేకపోడమేటి? ఎంత దూరమైనా ఏదో ఓ ఏపు ఉంటాది గదా," అంది. ఆటో ఎక్కాక కూడా అటూ ఇటూ తల తిప్పుతూ గాలి వాసన చూస్తూనే ఉంది.

అమ్మకి డెబ్బయ్ దాటాయి. శ్రీకూర్మం దాటి ఇసుకదారి పట్టుకు వెళితే వచ్చే చేపలవాళ్ల ఊరు మాది. నలభై ఏళ్లు నెత్తిన గంప పెట్టుకుని వీధి వీధీ తిరిగి చేపలమ్మిన మనిషి. అక్షరం ముక్క రాదు. ఒక మాట మీద నిలబడితే ఏనుగుల్ని కట్టి లాగినా కదలదు. పదకొండేళ్లుగా అలా ఒక్క మాట మీదే నిలబడి ఉంది. తమ్ముడికి దినం చెయ్యనివ్వదు.

తమ్ముడు పదకొండేళ్ల కిందట వేటకి వెళ్లి తిరిగి రాలేదు. నాన్న అంతకు ముందే జబ్బు చేసి పోయాడు, ఇంట్లో మగదిక్కు వాడొక్కడే. బోటు దొరికింది. వల దొరికింది. మనిషి దొరకలేదు. నెల చూశారు, ఏడాది చూశారు. తర్వాత కులపెద్దలు ఇంటికొచ్చి, గడ్డితో బొమ్మ చేసి కార్యం జరిపించేద్దాం, కుర్రాడి ప్రాణం ఎన్నాళ్లు అలా అల్లాడాలి అన్నారు. అమ్మ గుమ్మం దిగలేదు.

"అమ్మోరు నేడని సెప్పినప్పుడు సేద్దుం. అమ్మోరు సెప్పనేదు," అంది. నేడంటే మా యాసలో లేడని.

అమ్మోరు చెప్పడానికి అప్పటికే ఆ అమ్మోరు ఊళ్లో లేదు. ఆవిడ సంగతి చెప్పాలి.

మా ఊరి ఒడ్డున, మొగలి పొదల పక్కన, ఇసుక దిబ్బ మీద ఒక రాయి ఉండేది. కింద కొంత ఇసుకలో కూరుకుపోగా పైకి నా భుజమెత్తు ఉండేది. ముఖం సముద్రం వైపు, వీపు ఊరి వైపు. అందుకే ఆవిడ పేరు పెడమొకం తల్లి. బయటి ఊళ్లలో పెడమొహం పెట్టడమంటే అలిగి ముఖం తిప్పుకోవడం. మా ఊళ్లో ఆ మాటకి అర్థం వేరు. ఆవిడ నీళ్లలో ఉన్న మన మగాళ్లని కనిపెట్టుకుని ఉంది, మనవైపు తిరగడానికి ఆవిడకి తీరిక లేదు అని. చంటిపిల్లకి జ్వరమొస్తే, ఎవరు పిలిచినా పలక్కుండా మంచం పక్కనే కూర్చున్న తల్లిని చూసి, "పెడమొకం తల్లివేనే" అని మెచ్చుకునేవాళ్లు.

ఆవిడ ముందుకి ఎవరూ వెళ్లకూడదు. ఆవిడ చూపుకి అడ్డంగా నిలబడితే ఆ క్షణానికి ఏదో ఒక పడవ దారి తప్పుతుంది. పసుపు రాసేది వీపుకి, బొట్టు పెట్టేది వీపుకి, చీర చుట్టేటప్పుడు కూడా చివర వెనక నుంచే చేయి చాపి అందుకునేవాళ్లు. పుట్టి బుద్ధెరిగిన వాళ్లెవరూ ఆవిడ ముఖం చూడలేదు. చూడాలని అనుకోవడం కూడా తప్పే.

నడివీపున ఒక పల్లం ఉండేది. ఎన్ని తరాల ఆడవాళ్లు అరచెయ్యి ఆనించారో, రాయి అరిగి చెయ్యి పట్టేంత గుంట పడింది. మగవాళ్లు వేటకి వెళ్లాక ఆడవాళ్లు వెళ్లి ఆ పల్లంలో చెయ్యి పెట్టి ఒక్కటే అడిగేవాళ్లు.

"అగుపడతన్నాడా, తల్లీ?"

రాయి వెచ్చగా తగిలితే అగుపడుతున్నాడు. చల్లగా తగిలితే లేడు. అంతే లెక్క. మా ఆడవాళ్లు వెళ్లేది చేపలమ్ముకుని గంపలు దించాక, పొద్దు పడమటికి వాలి ఎండ సూటిగా ఆ వీపు మీద పడే వేళ. వెచ్చగా కాక ఇంకెలా తగులుతుంది? డిగ్రీ చదివేటప్పుడు ఈ సంగతి నాకు తట్టింది. ఎంత తెలివైనదాన్నో అనుకుని తెగ మురిసిపోయాను. చదవేస్తే ఉన్నమతి పోయిందని మనవాళ్లు ఊరికే అనలేదు.

మా ఊళ్లో డిగ్రీ దాటి చదివిన మొదటి ఆడపిల్లని నేనే. చరిత్రలో ఎమ్మే చేస్తుంటే, మీ ప్రాంతంలోని పురాతన అవశేషాల మీద వ్యాసం రాయండి అని లెక్చరరు చెప్పారు. అందరూ శాలిహుండం బౌద్ధ స్తూపాల గురించి రాస్తున్నారు. నాకు ఎవరూ రాయనిది రాయాలని కోరిక. మా అమ్మోరి గురించి రాస్తానన్నాను. ఫొటో కావాలన్నారాయన.

తమ్ముడు అప్పుడే కెమెరా ఉన్న ఫోను కొన్నాడు. ఒక ఆదివారం వాడిని వెంటబెట్టుకుని దిబ్బ మీదికి వెళ్లాను. వీపు ఫొటో తీశాను. పసుపు పెచ్చులు కట్టిన ఉత్త బండరాయి. దాన్ని చూసి ఎవరు మెచ్చుకుంటారు? ముందుకి వెళ్తానన్నాను.

"ఒద్దే అప్పా," అన్నాడు తమ్ముడు. మా వైపు అక్కని అప్ప అంటారు. "పడవలున్నాయే సముద్రంలో."

"నీకింకా ఈ పిచ్చి నమ్మకాలేంట్రా," అన్నాను. వాడితో కూడా పుస్తకం భాష మాట్లాడే రోజులవి.

వాడు వెనక్కి తిరిగి నిలబడ్డాడు. నేను మొగలి పొదలు తప్పించుకుని, చేతులు గీరుకుపోతున్నా లెక్కచెయ్యకుండా ఆవిడ ముందుకి వెళ్లి కూర్చుని చూశాను. అందమైన ముఖం. పెదవి చివర చిన్న నవ్వు. ఒళ్లో ఒక చెయ్యి, గుండె దగ్గర ఒక చెయ్యి. కళ్లు రెండూ మూసుకుని ఉన్నాయి. గాలికి అరిగిపోయి అలా కనబడటం కాదు. రెప్పలు దించి, ధ్యానంలో ఉన్నట్టు, శిల్పి శ్రద్ధగా చెక్కిన కళ్లు.

మూడు ఫొటోలు తీశాను.

దిబ్బ దిగి ఊరు దగ్గరపడుతుంటే, తమ్ముడు అటూ ఇటూ చూసి, "మొకం ఎలగున్నాదే?" అన్నాడు.

ఆ ఒక్కసారి నాకు బుద్ధొచ్చింది అనుకున్నాను. "కళ్లింతింత చేసుకుని సముద్రం కేసే చూస్తోందిరా," అన్నాను. వాడి ముఖం వెలిగిపోయింది. "మరేటి, నాను సెప్పనేదా," అన్నాడు, ఎప్పుడు చెప్పాడో నాకైతే తెలియదు. ఆ నమ్మకంతోనే వాడు ఆ తర్వాత ఏడాదిన్నర వేటకి వెళ్లాడు.

నా వ్యాసానికి మంచి మార్కులొచ్చాయి. లెక్చరరు ఫొటోలు చూసి కుర్చీలోంచి లేచి నిలబడ్డారు. ఎవరికో పంపారు. వాళ్లు ఇంకెవరికో పంపారు. కొన్ని నెలలకి ఒక పగటిపూట మా ఊరికి లారీ వచ్చింది, కాగితాలు పట్టుకుని అధికారులొచ్చారు. మగవాళ్లు వేటలో ఉన్నారు. ఆడవాళ్లు గంపలు విసిరేసి దిబ్బ మీదికి పరుగెత్తారు. పరుగెత్తి ఏం చేశారు? ఆవిడ వీపు వెనక నిలబడ్డారు. కూలీలు తాళ్లు పట్టుకుని సముద్రం వైపు నుంచి వచ్చారు. వాళ్లకి అడ్డం పడాలంటే ఆవిడ ముందుకి వెళ్లాలి. నీళ్లలో మొగుళ్లని, కొడుకుల్ని పెట్టుకుని ఆవిడ చూపుకి అడ్డం ఎవరు వెళ్తారు? నలభై మంది ఆడవాళ్లు వెనక నిలబడి గుండెలు బాదుకుంటూ ఉంటే, నలుగురు కూలీలు ఎదటి నుంచి తాడు వేసి ఆవిడని ఎత్తుకుపోయారు. నేనప్పుడు శ్రీకాకుళంలో హాస్టల్లో ఉన్నాను. అమ్మ చెబితే విన్నాను.

ఎవడో ఫొటో తీసి పంపేడని ఊరంతా శాపనార్థాలు పెట్టింది. ఆడది తీసి ఉంటుందని ఎవరికీ తోచలేదు. తమ్ముడు నోరెత్తలేదు. ఏడాది తిరక్కుండా వాడే పోయాడు. అమ్మ ఖాళీ దిబ్బ మీదికి వెళ్లి, రాయి ఉన్నచోట ఇసుక మీద అరచెయ్యి ఆనించి మూడు రోజులు కూర్చుంది. ఇసుక పగలు కాలుతుంది, పొద్దు గుంకితే చల్లబడుతుంది. దాన్ని నమ్మనంది.

నేనిప్పుడు చీపురుపల్లి దగ్గర బడిలో సోషల్ చెబుతున్నాను. కిందటేడు మా తోటి టీచరు ఏదో ఊరు వెళ్లొచ్చి, అక్కడి మ్యూజియం ఫొటోలు ఫోనులో చూపించింది. ఏనుగు దంతాలు, కత్తులు, పింగాణీ, ఆ తర్వాత ఒక గోడ పక్కన మా అమ్మోరు. చూడగానే గుర్తుపట్టాను. ఈ లోకంలో ఆ ముఖం గుర్తుపట్టగలిగిన మా ఊరి మనిషిని నేనొక్కదాన్నే. "లోపలంతా ఏసీ, వణికి చచ్చాం అనుకో," అంది టీచరు.

ఆ మాట దగ్గరే నా బుర్రలో ఒక ఆలోచన పుట్టింది. నా ఆలోచనలు ఎలాంటివో ఈపాటికి మీకు తెలిసే ఉంటుంది. అమ్మని తీసుకెళ్తాను. ఎలాగోలా ఆ వీపు మీద చెయ్యి పెట్టిస్తాను. ఏసీలో ఉన్న రాయి చల్లగా తగులుతుంది. లేడని అమ్మోరే చెప్పినట్టవుతుంది. అమ్మ ఏడుస్తుంది, ఇంటికొచ్చి దినం చేయిస్తుంది, తమ్ముడి కోసం రోజూ గిన్నెడు అన్నం తీసి పక్కన పెట్టడం ఇంక మానేస్తుంది. చచ్చేలోపు ఒక్క రోజైనా గుమ్మం వైపు చూడకుండా అన్నం తింటుంది. ఇంతకన్నా నాకేం అక్కర్లేదు. మోసమే, కాదనను. కానీ ఆ పాత వెచ్చదనం మాత్రం మోసం కాదా అని నాకు నేనే సర్దిచెప్పుకున్నాను.

"మన అమ్మోరు దొరికిందే," అని అమ్మకి ఫోను చేసి చెప్పాను. "ఎప్పుడెల్దుం?" అంది.

మ్యూజియం గేటు దగ్గర సంచి తనిఖీ చేశారు. పసుపు పొట్లం తీసేశారు. సీసాలో నీళ్లు తాగి చూపించమన్నారు. సముద్రపు నీళ్లు బాబూ, తాగడానికి కాదు, అమ్మోరికి అంది అమ్మ. కాపలా అతను నా ముఖం కేసి చూశాడు. సీసా కూడా బల్ల మీద పెట్టించి చీటీ ఇచ్చారు. అమ్మ ఆ చీటీని మడిచి జాగ్రత్తగా రవికలో పెట్టుకుంది.

పదకొండు గంటలకి తెలుగులో చూపించే టూరు ఉందంటే అందులో చేరాం. పదిహేను మందిమి. గైడు పాతికేళ్ల పిల్ల, నేతచీర కట్టుకుంది, చెంపకి చిన్న మైకు. "ఏ వస్తువునూ ముట్టుకోకండి. మన చేతి చెమట రాతికి పడదు. ఒక్కొక్కరు ఒక్కసారి ముట్టుకున్నా కొన్నేళ్లకి అరిగిపోతుంది," అంది. అమ్మ తన అరచెయ్యి తిప్పి చూసుకుంది.

మొదటి గదుల్లో రాతి గొడ్డళ్లు, మట్టి పాత్రలు. నా మనసు వాటి మీద లేదు. ఒక గాజుపెట్టెలో మధ్యన బెజ్జాలున్న మట్టి ఉండలు వరసగా పేర్చి ఉన్నాయి. "ఇవి పెద్ద పూసలని కొందరు, తూకపు రాళ్లని కొందరు అంటారు. ఇంకా తేలలేదండి," అంది గైడు.

"ఏటి తేలడానికి?" అంది అమ్మ గట్టిగా. "ఇవి వలకి కట్టేవి. కింద బరువు నేకపోతే వల తేలిపోదేటి? మా అత్త సేసీది, బట్టీలో కాల్సీది."

అందరూ నవ్వారు, ఎగతాళిగా కాదు. గైడు నిజంగానే దగ్గరికొచ్చి, ఎలా కడతారు, ఎంత దూరానికొకటి కడతారు అని అడిగింది. అమ్మ గాల్లోనే వల పరిచి, వేళ్లతో జానలు కొలిచి చూపించింది. గైడు చిన్న పుస్తకం తీసి రాసుకుంది. అమ్మ నావైపు చూసిన చూపులో చాలా ఏళ్ల తర్వాత కాస్త గర్వం కనబడింది. ఆ టూరు అక్కడితో అయిపోయి ఉంటే ఎంత బాగుండేదో.

తర్వాతి గదిలో మనిషి పట్టేంత కుండలు. పూర్వకాలంలో చనిపోయినవాళ్లను, లేదా వాళ్ల ఎముకలను ఇలాంటి కుండల్లో పెట్టి, పక్కన తిండిగింజలు, గిన్నెలు పెట్టి పాతిపెట్టేవాళ్లని గైడు చెప్పింది. ఒక కుండ పగలగా లోపలి ఎముకలు కనబడుతున్నాయి. జనం ముందుకి వెళ్లిపోయారు. అమ్మ గాజుకి నుదురు ఆనించి అక్కడే ఉండిపోయింది.

"ఆడా, మొగా?" అంది.

తెలియదమ్మా అన్నాను.

"ఎవులైతేనేటి. ఆలమ్మకి ఎముకలన్నా దక్కినాయి," అంది.

పద, మనవాళ్లు వెళ్లిపోతున్నారు అని భుజం పట్టుకుని నడిపించాను.

శిల్పాల హాలు చాలా పెద్దది. కిటికీలు లేవు. టీచరు చెప్పినట్టే చలి. అమ్మ కొంగు చుట్టూ కప్పుకుంది. దేవుళ్లు, రాజులు, ద్వారపాలకులు, తలలేని మొండేలు, మొండెం లేని తలలు. అందరూ మనవైపే చూస్తున్నారు. అమ్మ ఒక్కొక్కటి దాటుతూ, "ఎక్కడే? ఇదేటి?" అని అడుగుతోంది. ముఖాలు చూస్తోందేగానీ అమ్మకి తెలిసింది అమ్మోరి వీపు ఒక్కటే.

హాలు చివర గోడకి ఒక జానెడు దూరంలో, అరుగు మీద ఉంది అమ్మోరు. పసుపు మరక కూడా లేకుండా కడిగేశారు. ఇసుకలో కూరుకుపోయిన కింది భాగం కూడా పైకి తీసి నిలబెట్టడంతో నాకన్నా ఎత్తుగా ఉంది. పద్మం మీద కూర్చుందని ఆ రోజే తెలిసింది నాకు. ముందు ఎర్ర తాడు కట్టారు.

గైడు చెప్పడం మొదలుపెట్టింది. "ఇది ఉత్తర కోస్తా తీరంలో దొరికిన బౌద్ధ దేవతా విగ్రహమండి. వెయ్యేళ్ల పైమాటే. ఆలనాపాలనా లేక, ఇసుకలో నిరుపయోగంగా పడివున్న స్థితిలో దీన్ని గుర్తించి, రక్షించి తీసుకొచ్చారు."

పక్కనున్న పలక మీద కూడా ఆ మాటలే ఉన్నాయి. ఆలనాపాలనా లేక, ఇసుకలో నిరుపయోగంగా పడివున్న. నా వ్యాసంలో రెండో పేజీ, పై నుంచి మూడో లైను. పండితుల భాషలా ఉంటుందని రాసుకున్న మాట. ఏ చేతులు మారి ఎలా వచ్చిందో, అక్షరం పొల్లు పోకుండా రాతి మీదికి ఎక్కింది.

"ఆలనాపాలనా నేక అంటే ఏటే?" అంది అమ్మ.

"ఎవరూ చూసుకోకుండా అని."

"ఎవుల్ని?"

అమ్మ విగ్రహం ముఖం కేసి చూడలేదు. గైడు మాట అమ్మ చెవికెక్కినట్టుంది, ఇదేనని అర్థమైంది. వెంటనే తల దించుకుని పక్కకి తప్పుకుంది. ముందు నిలబడకూడదు కదా. అక్కడున్న పదమూడు మందిని చూసి, "తప్పుకోండమ్మా, తప్పుకోండి బాబూ, అడ్డం నిలబడకండి," అని చేతులు ఊపింది. వాళ్లు ఫొటో తీసుకుంటుందేమో అనుకుని మర్యాదగా జరిగారు.

అమ్మ హాలు మధ్య నిలబడి ఒక చుట్టు తిరిగింది. తర్వాత కాపలా అతని దగ్గరికి వెళ్లింది. "సముద్రం ఎటేపు బాబూ? ఇటేపేనేటి తల్లిని తిప్పింది?" అంది. అతను నవ్వు ఆపుకుని, తెలియదమ్మా అన్నాడు. కళ్లు కట్టి నడిసముద్రంలో వదిలేసినా ఒడ్డు ఎటో చెప్పే మనిషి మా అమ్మ. నాలుగు గోడల మధ్య, బల్బుల వెలుగులో, నడుం మీద చేతులు పెట్టుకుని దిక్కు తెలియక నిలబడింది.

గైడు జనాన్ని పక్క విగ్రహం దగ్గరికి తీసుకెళ్లింది. కాపలా అతను తలుపు దాకా వెళ్లాడు. నేను ఎదురుచూసిన సమయం అదే. అమ్మని తాడు పక్క నుంచి గోడ వారకి తోశాను. "పెట్టవే, బేగి పెట్టు," అన్నాను. మళ్లీ నా నోట మా ఊరి మాట వచ్చింది.

జానెడు సందులో అమ్మ సన్నటి చెయ్యి మోచేతి దాకా దూరింది. వేళ్లు రాతి మీద వెతుకుతున్న చప్పుడు నాకు వినబడింది. పల్లం దొరికినప్పుడు అమ్మ భుజం కిందికి జారింది. కళ్లు మూసుకుంది.

"అగుపడతన్నాడా, తల్లీ?"

పది లెక్కపెట్టేంతసేపు ఉంది. చెయ్యి తీసి, రెండో చేత్తో ఆ అరచెయ్యి పట్టుకుని గుండెకి ఆనించుకుంది.

"సల్లగున్నాదే," అంది.

నేను అనుకున్నట్టే జరిగింది. అమ్మ గోడకి ఆనుకుని నోరు తెరిచి చప్పుడు లేకుండా ఏడ్చింది. పదకొండేళ్ల ఏడుపు అది. నేనూ ఏడ్చాను. ఏడుస్తూనే లోపల ఒక మూల, అమ్మయ్య, అయిపోయింది, ఇంక దినం చెయ్యొచ్చు అనుకున్నాను. నా బతుక్కి అది కూడా రాసిపెట్టి లేదు.

"నేడు గదా ఇంక," అంది అమ్మ కళ్లు తుడుచుకుని. "ఇంకేటి భయం? ఓ తూరి మొకం సూసి ఎల్దుం. ఆడిని ఆకర్న సూసిన కళ్లు."

వద్దమ్మా అన్నాను. కొంగు పట్టుకున్నాను. విడిపించుకుని తాడు ముందుకి వెళ్లింది. మా ఊరివాళ్లు తాతల నాటి నుంచీ చెయ్యని పని చేసింది. ఎదురుగా నిలబడి తలెత్తి ఆవిడ ముఖం చూసింది.

చాలాసేపు చూసింది. దగ్గరికి వంగి చూసింది. చూపు ఆనలేదేమో అని కొంగుతో కళ్లు ఇంకోసారి తుడుచుకుని చూసింది.

"కళ్లు మూసుకునున్నాదేటే?"

నేను పలక వైపు చూశాను.

"ఈలు మూసీసేరేటి? ఇక్కడికి తెచ్చినాక?"

అవునంటే సరిపోయేది. ఒక్క మాట. అమ్మ నమ్మేది. ఈ పట్నంవాళ్లనీ ఆ లారీనీ తిట్టుకుంటూ ఇంటికొచ్చి దినం చేసుకునేది. తమ్ముడికి చెప్పిన అబద్ధం అంత తేలిగ్గా వచ్చిన నోటికి ఈ అబద్ధం ఎందుకు రాలేదో నాకు ఇప్పటికీ తెలియదు.

"అప్పుడూ అలాగే ఉందమ్మా," అన్నాను.

"ఎప్పుడే?"

అన్నాక తెలిసింది ఏమన్నానో. అమ్మ నావైపు తిరిగింది. ఇంక దాచడానికి ఏం మిగల్లేదు. చెప్పేశాను. ఫొటో తీసింది నేనేనని, దిబ్బ ముందుకి వెళ్లానని, వ్యాసం రాశానని, ఆ పలక మీది మాట కూడా నాదేనని, తమ్ముడు అడిగితే కళ్లు తెరుచుకునే ఉందని చెప్పానని, ఇవాళ చల్లగా తగులుతుందని తెలిసే తీసుకొచ్చానని. ఆఖరి మాట చెప్పకపోయినా పోయేది. అన్నీ కక్కేసి బరువు దించుకోవాలన్న స్వార్థం.

అమ్మ తిట్టలేదు. కొట్టినా బాగుండేది. ఆ చల్లని అరచెయ్యి ఇంకా గుండె మీదే ఉంది. అమ్మోరి కళ్లకేసి ఒకసారి, నా కళ్లకేసి ఒకసారి చూసింది.

"అమ్మోరు మూసుకున్నాది. రాయి, దానికేటి తెల్సు," అంది. "నువ్వు తెరుసుకునే ఉన్నావు గదే."

గైడు తర్వాతి గదిలో నాణేలున్నాయి రండి అని పిలిచింది. అమ్మ వెనక్కి తిరిగి బయటికి నడిచింది. గేటు దగ్గర చీటీ తీసి నేలమీద వదిలేసింది, సీసా అడగలేదు. ఆ నీళ్లు ఆ బల్ల మీదే ఉండిపోయాయి.

తిరుగు రైల్లో అమ్మ కిటికీ వైపు తిరిగి కూర్చుంది. టీ ఇస్తే తాగలేదు, అమ్మా అంటే పలకలేదు. పెడమొహం అనే మాటకి బయటి ఊళ్లవాళ్లు చెప్పుకునే అర్థం నాకు ఆ ప్రయాణంలో తెలిసింది. తెల్లవారాక రైలు చీపురుపల్లి దాటింది. ఇంకొన్ని స్టేషన్లు దాటితే ఆమదాలవలసలో దిగాలి. మెల్లగా చెయ్యి చాపి ఆమె నడివీపున ఆనించాను. వెచ్చగా ఉంది. తిరుగుతుందేమో అని చెయ్యి అలాగే ఉంచాను. ఆమదాలవలస వచ్చింది, అమ్మ తిరగలేదు.